షాంటిలీలో నేలకొరిగిన ఇంజనీరు – ఐజాక్ స్టీవెన్స్

ఉత్తర వర్జీనియాలో షాంటిలీ, ఫెయిర్‌ఫాక్స్ వైపు ఉండే మన తెలుగువాళ్ళలో మాన్యుమెంట్ డ్రైవ్ అనే రోడ్డు మీద కారు నడపనివాళ్ళు బహుశా ఉండరు. ఫెయిర్ ఓక్స్ మాల్‌కి వెళ్ళినా, ఇంటర్‌స్టేట్ 66 దిగినా ఎక్కడో ఒకచోట ఆ పేరు కనిపిస్తుంది. అసలు ఆ మాన్యుమెంట్ ఏమిటి అని అడిగితే మాత్రం ఇక్కడ పదేళ్ళుగా ఉన్నవాళ్ళు కూడా తడుముకుంటారు. వెస్ట్ ఆక్స్ రోడ్డు పక్కన, టౌన్‌హౌసులకీ షాపింగ్ సెంటరుకీ మధ్య, అయిదెకరాలకి కాస్త అటూ ఇటూగా ఓ చిన్న పార్కు ఉంది. అందులో పక్కపక్కన రెండు గ్రానైట్ రాళ్ళు. ఒకటి ఫిలిప్ కార్నీ అనే జనరల్‌ది, రెండోది ఐజాక్ ఇంగల్స్ స్టీవెన్స్ అనే జనరల్‌ది. అమెరికా అంతర్యుద్ధంలో 1862 సెప్టెంబరు 1 సాయంత్రం, ఒకే వానలో, గంటా రెండు గంటల తేడాలో ఇద్దరూ ఇక్కడే పోయారు.

కార్నీ గురించి న్యూజెర్సీ మిత్రులకి చెప్పక్కర్లేదు, వాళ్ళ ఊరొకటి ఆయన పేరుతోనే ఉంది. నేను రాయబోయేది రెండో రాయి గురించి. ఇందులో కొంత స్వార్థం ఉంది. నేను ఎం.ఎస్. చేసింది సివిల్‌లో, పొట్టపోసుకుంటున్నది సాఫ్ట్‌వేర్‌తో. స్టీవెన్స్ చదివిందీ చేసిందీ అచ్చంగా సివిల్ పనే. రెండో కారణం అందరికీ సంబంధించింది. సియాటిల్, బెల్‌వ్యూ, రెడ్మండ్‌లలో వేలాది తెలుగు కుటుంబాలు ఇళ్ళు కొనుక్కుని ఉంటున్న నేల అమెరికా ప్రభుత్వం చేతికి ఏ కాగితం మీద వచ్చిందో, ఆ కాగితం మీద ప్రభుత్వం తరఫున సంతకం పెట్టింది ఇతనే. చనిపోయింది మా ఊరి పక్కన, బతికిన బతుకు ఫలితం అంతా ఆ తీరాన.

మొదటి ర్యాంకు

1818 మార్చి 25న మసాచుసెట్స్‌లోని యాండోవర్‌లో, ఇప్పుడు నార్త్ యాండోవర్ అంటున్న చోట, ఓ రైతు కుటుంబంలో పుట్టాడు. తండ్రి మహా కఠినుడు. తల్లి చిన్నప్పుడే పోయింది. మనిషి పొట్టి, అయిదడుగుల మీద రెండు మూడంగుళాలు, దానికి తగని పెద్ద తల. ఇలాంటి పిల్లలు మన ఊళ్ళల్లో కూడా ఉంటారు, ఆటల్లో వెనకబడి, లెక్కల్లో ఎవరికీ అందకుండా. 1835లో వెస్ట్ పాయింట్ మిలటరీ అకాడమీలో చేరి 1839లో క్లాసుకి ఫస్టు వచ్చాడు. మూడో ర్యాంకు వచ్చిన హెన్రీ హాలెక్ తర్వాత అంతర్యుద్ధంలో ఉత్తరాది సేనలన్నిటికీ జనరల్-ఇన్-చీఫ్ అయ్యాడు.

ఆ రోజుల్లో వెస్ట్ పాయింట్ అంటే ముందు ఇంజనీరింగ్ కాలేజీ, ఆ తర్వాతే సైనిక పాఠశాల. పై ర్యాంకుల వాళ్ళని కోర్ ఆఫ్ ఇంజనీర్స్‌లోకి తీసుకునేవాళ్ళు. స్టీవెన్స్ కూడా అలాగే వెళ్ళి, న్యూ ఇంగ్లండ్ తీరం పొడుగునా కోటలు కట్టే పనుల్లో ఏడేళ్ళు గడిపాడు. 1841లో రోడ్ ఐలండ్‌లోని న్యూపోర్ట్‌కి చెందిన మార్గరెట్ హజార్డ్‌ని పెళ్ళి చేసుకున్నాడు. మరుసటి ఏడు కొడుకు పుట్టాడు, వాడికి తల్లి ఇంటిపేరే పేరుగా పెట్టారు. ఈ హజార్డ్ స్టీవెన్స్ కథలో మళ్ళీ వస్తాడు.

మెక్సికో

1846లో మెక్సికోతో యుద్ధం వచ్చింది. 1847 మార్చిలో జనరల్ విన్‌ఫీల్డ్ స్కాట్ వేరాక్రూజ్ దగ్గర సేనని దింపి, కొండలెక్కి మెక్సికో నగరం దాకా నడిపించాడు. దారి వెతకటం, శత్రువు ఫిరంగులు ఎక్కడున్నాయో కనిపెట్టటం, చుట్టు తిరిగి వెళ్ళే బాట కనుక్కోవటం అంతా కొద్దిమంది ఇంజనీర్ల పని. ఆ కొద్దిమంది పేర్లు చూడండి: రాబర్ట్ లీ, బ్యూరెగార్డ్, జార్జ్ మెక్లెలన్, స్టీవెన్స్. ఒకే స్కెచ్ కాగితం మీద తలలు ఆనించి పనిచేసిన వాళ్ళు. పదిహేనేళ్ళ తర్వాత లీ, బ్యూరెగార్డ్ దక్షిణాది సేనాపతులు, మెక్లెలన్ ఉత్తరాది సేనాపతి. మన భారతంలో ద్రోణుడి దగ్గర ఒకే బడిలో చదువుకున్నవాళ్ళు కురుక్షేత్రంలో ఎదురెదురుగా నిలబడ్డట్టు.

మెక్సికో నగరం పడిపోయే ముందురోజు, 1847 సెప్టెంబరు 13న, స్టీవెన్స్ పాదానికి తూటా తగిలింది. ఆ గాయం జీవితాంతం బాధపెట్టింది. అంతకు కొద్దిరోజుల ముందు అదే నగరం వెలుపల కార్నీ ఎడమచేయి పోగొట్టుకున్నాడు. షాంటిలీ రాళ్ళ మీద పక్కపక్కన ఉన్న ఇద్దరి శరీరాల మీదా అప్పటికే ఒకే యుద్ధం గుర్తులున్నాయన్నమాట.

ఆ గెలుపుతో అమెరికా కాలిఫోర్నియా నుంచి న్యూ మెక్సికో దాకా రాసి పుచ్చుకుంది. కొత్త నేలలో బానిసత్వం ఉండాలా వద్దా అన్న తగాదా అప్పటినుంచే ముదిరి అంతర్యుద్ధం దాకా వెళ్ళింది. ఇంకో ఫలితం కూడా ఉంది. యుద్ధం నాయకుల్ని తయారు చేస్తుంది, కానీ అది తయారు చేసినవాళ్ళందరూ రాజ్యం చెయ్యటానికి పనికొచ్చే మనుషులే అని నమ్మకం లేదు. 1852 అధ్యక్ష ఎన్నికల్లో పోటీపడ్డ ఇద్దరూ మెక్సికో జనరల్సే, స్కాట్, ఫ్రాంక్లిన్ పియర్స్. స్టీవెన్స్ తన పాత సేనానిని కాదని పియర్స్ తరఫున రాతలు రాశాడు. పియర్స్ గెలిచాడు. రుణం తీర్చుకునే పద్ధతి ఇప్పటిలాగే అప్పుడూ ఉంది.

ఒకే మనిషికి మూడు ఉద్యోగాలు

మధ్యలో నాలుగేళ్ళు స్టీవెన్స్ వాషింగ్టన్ డీసీలో కోస్ట్ సర్వే ఆఫీసు నడిపాడు. కొలతలు, పటాలు, లెక్కలు. నన్నడిగితే అతనికి సరిపోయిన ఉద్యోగం అదే. కానీ మనిషిలో తొందర ఎక్కువ, ఆశ ఎక్కువ. 1853 మార్చిలో అమెరికా వాయవ్య మూల కొత్తగా వాషింగ్టన్ టెరిటరీ ఏర్పడగానే గవర్నరు పదవి అడిగాడు, వచ్చింది. దాంతోపాటే అక్కడి స్థానిక తెగల వ్యవహారాల సూపరింటెండెంట్ పదవి. అది చాలక, మిసిసిపీ నది నుంచి పసిఫిక్ దాకా ఉత్తరపు రైలుమార్గానికి సర్వే నాయకత్వం కూడా. రైలుమార్గం కోసం తెగల భూమి కావాలి. ఆ భూమి అడిగేది సూపరింటెండెంట్, పుచ్చుకునేది గవర్నరు, గీత గీసేది సర్వేయరు. ముగ్గురూ ఒకడే. అడ్డు చెప్పే కుర్చీలో కూడా తనే కూర్చుంటే ఏమవుతుందో మనకి ఆఫీసుల్లో బాగానే తెలుసు.

రెండువందలమందికి పైగా మనుషులతో ఆ ఎండాకాలం సెయింట్ పాల్ నుంచి బయల్దేరి నవంబరు చివరికి ఒలింపియా చేరాడు. కాస్కేడ్ కొండల్లో కనుమ వెతికే పని తన మెక్సికో మిత్రుడు మెక్లెలన్‌కి అప్పజెప్పాడు. మెక్లెలన్ స్నోక్వాల్మీ కనుమ దగ్గర మంచు లోతుగా ఉంటుందని విని వెనక్కి తిరిగాడు. స్టీవెన్స్ పంపిన మరో ఇంజనీరు 1854 జనవరిలో, నడి చలికాలంలో, అదే కనుమ దాటి వచ్చేశాడు. ఇప్పుడు ఐ-90 పోతున్నది ఆ దారినే. ముందుకు పోనివాడు మెక్లెలన్, ఆగటం తెలియనివాడు స్టీవెన్స్. అంతర్యుద్ధంలోనూ ఇద్దరి పేర్లూ అలాగే నిలిచాయి.

సర్వేకి ఇచ్చిన డబ్బు అయిపోయినా ఖర్చు ఆపలేదు. పైనుంచి మండిపడ్డ యుద్ధమంత్రి ఎవరో తెలుసా? జెఫర్సన్ డేవిస్. తర్వాత దక్షిణాది కాన్ఫెడరసీకి అధ్యక్షుడైన డేవిసే! స్టీవెన్స్ చూపిన మార్గంలో చాలా భాగం మీద చివరికి 1883లో నార్తర్న్ పసిఫిక్ రైలు పూర్తయింది.

క్రిస్మస్ నాటి సంతకాలు

అతను వెళ్ళేసరికి ఆ టెరిటరీలో వచ్చిపడ్డ తెల్లవాళ్ళు నాలుగువేల లోపే. వాళ్ళకి భూమి మీద పట్టాలు కావాలి, పట్టాలివ్వాలంటే తెగలతో ఒప్పందాలు కావాలి. 1854 డిసెంబరు 24న ఒలింపియా దగ్గర మెడిసిన్ క్రీక్ అనే వాగు ఒడ్డున నిస్క్వాలీ, పుయాలప్ మొదలైన తెగల్ని కూడగట్టాడు. 26వ తేదీన సంతకాలు అయిపోయాయి. మూడు రోజులు! ముసాయిదా ముందే రాసి పెట్టుకుని వచ్చారు. (క్లయింటుతో మీటింగుకి ముందే రిక్వైర్‌మెంట్స్ డాక్యుమెంటు రాసేసుకుని వెళ్ళే మేనేజర్లని నేను చూశాను, ఆ ప్రాజెక్టులు ఏమయ్యాయో కూడా చూశాను.)

మాట్లాడింది ఏ భాషలో? ఇంగ్లీషులో కాదు, వాళ్ళ భాషల్లోనూ కాదు. చినూక్ జార్గన్ అని, బేరసారాలకి పుట్టిన సంకర భాష. సుమారు అయిదువందల మాటలు. ఉన్ని దుప్పటి ధర అడగటానికి చాలుతుంది. తరతరాలుగా ఉన్న నేలని శాశ్వతంగా వదులుకోవటం, ప్రతిఫలం ఇరవై ఏళ్ళ వాయిదాల మీద రావటం, ఇవన్నీ ఆ అయిదువందల మాటల్లో చెప్పాలి. మన దగ్గర 1800లో నిజాము కడప, కర్నూలు, బళ్ళారి, అనంతపురం సీమల్ని కంపెనీకి దత్తం చేసినప్పుడు అక్కడి రైతుని ఎవరూ అడగలేదు, నిజమే. కానీ ఆ దత్తమండలాల్ని కొలవటానికి వచ్చిన కాలిన్ మెకంజీ అనే ఇంజనీరు కావలి సోదరుల వంటి తెలుగువాళ్ళని వెంట పెట్టుకుని, ఊరూరా కైఫీయతులు రాయించుకున్నాడు. ముందు విన్నాడు. స్టీవెన్స్‌కి వినే తీరిక లేదు.

1855 జనవరి 22న పాయింట్ ఎలియట్ దగ్గర రెండో పెద్ద ఒప్పందం. సియాటిల్ నగరానికి ఎవరి పేరు పెట్టారో ఆ నాయకుడు సియాటిల్ గుర్తు పెట్టింది దాని మీదే. సియాటిల్ దొర చేశాడంటూ పర్యావరణం గురించి ఓ ప్రసంగం ఒకప్పుడు ఈమెయిళ్ళలో, ఇప్పుడు వాట్సాప్‌లో తిరుగుతూ ఉంటుంది. అది చాలావరకు 1970ల నాటి ఓ సినిమా కోసం రాసింది. స్టీవెన్స్ ఎదుట అతను మాట్లాడాడంటూ తొలిసారి అచ్చులో వచ్చింది కూడా 1887లో, మూడు దశాబ్దాల తర్వాత. నమ్మి పిల్లల స్కూలు ప్రాజెక్టులో పెట్టకండి.

1855 అక్టోబరుకల్లా, ఏడాది కూడా తిరక్కుండా, మోంటానా దాకా ఒప్పందం వెనక ఒప్పందం. పదమూడేళ్ళ హజార్డ్ కూడా తండ్రి వెంట గుర్రం మీద తిరిగాడు. మొత్తం మీద తెగలు వదులుకున్న నేల 6.4 కోట్ల ఎకరాలని లెక్క. మన ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ మొత్తం వైశాల్యానికి కొంచెమే తక్కువ!

మెడిసిన్ క్రీక్ కాగితంలో నిస్క్వాలీలకి మిగిల్చింది 1,280 ఎకరాలు. అదీ నదికి దూరంగా, గట్టు మీద, గుర్రాలకి గడ్డి లేని చోట. నది మీద బతికే జనానికి నది లేకుండా చేస్తే ఏమవుతుంది? అయితే ఆ కాగితంలోనే ఒక చిన్న వాక్యం ఉంది. వాళ్ళు అలవాటుగా చేపలు పట్టే తావులన్నిటిలో, టెరిటరీ పౌరులందరితో పాటుగా, చేపలు పట్టుకునే హక్కు వాళ్ళకి ఉంటుందని. వాళ్ళకి తిండి పెట్టే ఖర్చు ప్రభుత్వానికి తప్పుతుందన్న లెక్క కూడా అందులో ఉంది. ఈ వాక్యం సంగతి చివర్లో చెబుతాను.

జడ్జిగారి అరెస్టు

1855 జూన్‌లో వాలా వాలా దగ్గర కొన్ని వేలమంది కూడిన పెద్ద సభలో యాకమా, నెజ్ పెర్స్ తదితర తెగలతో ఒప్పందాలు అయ్యాయి. వాటిని సెనేటు ఆమోదించింది 1859లో. స్టీవెన్స్ మాత్రం కొద్ది వారాలకే ఆ భూములు సెటిలర్లకి తెరిచినట్టు పత్రికల్లో ప్రకటింపజేశాడు. అదే సమయంలో ఉత్తరాన బంగారం దొరికింది, గని పనివాళ్ళు యాకమా నేల మీదుగా ఎగబడ్డారు. కొట్లాటలు, హత్యలు, చివరికి యుద్ధం. 1858 దాకా అది ఆరుతూ రాజుకుంటూనే ఉంది. ఆ తీరంలో అమెరికా సైన్యాధిపతి జనరల్ వూల్ ఈ యుద్ధానికి గవర్నరు, అతని వాలంటీర్లే కారణమని బాహాటంగా విమర్శించాడు. వూల్ కూడా మెక్సికో యుద్ధంలో పనిచేసినవాడే.

1856 ఏప్రిల్‌లో స్టీవెన్స్ పియర్స్ కౌంటీలో మార్షల్ లా పెట్టాడు. స్థానిక స్త్రీలని పెళ్ళాడిన కొందరు సెటిలర్లు శత్రువుకి సాయం చేస్తున్నారన్న అనుమానం మీద వాళ్ళని సాక్ష్యం లేకుండా నిర్బంధించాడు. వాళ్ళ పిటిషన్ వినటానికి జడ్జి ఎడ్వర్డ్ లాండర్ కోర్టు తెరిస్తే, గవర్నరు మనుషులు వెళ్ళి జడ్జినే కోర్టులో అరెస్టు చేశారు. తర్వాత ఆ జడ్జి గవర్నరుకి యాభై డాలర్ల జరిమానా వేశాడు. గవర్నరు తన అధికారంతో తన శిక్షని తనే నిలిపేసుకున్నాడు! ఈ సంగతి చదివినప్పుడు నవ్వొచ్చింది కానీ, నిర్బంధంలో ఉన్నవాళ్ళ పిల్లల్ని తలుచుకుంటే నవ్వు నిలవలేదు. టెరిటరీ శాసనసభ అతన్ని అభిశంసించింది. అదే ప్రజలు 1857లో భారీ మెజారిటీతో వాషింగ్టన్‌కి తమ ప్రతినిధిగా పంపారు. యుద్ధకాలపు నాయకుడి మీద కోపం, మోజు ఒకే జనంలో ఒకేసారి ఉండగలవు.

నిస్క్వాలీల నాయకుడు లెషై కథ ఇంత తేలిగ్గా ముగియలేదు. ఆ యుద్ధంలో ఓ మిలీషియా అధికారిని చంపాడన్న నేరం మీద అతన్ని విచారించారు. మొదటి జ్యూరీ ఏకాభిప్రాయానికి రాలేదు. రెండోసారి ఉరిశిక్ష పడింది. యుద్ధంలో పోరాడినవాణ్ణి హంతకుడనటం కుదరదని సైన్యం ఉరి తియ్యటానికి ఒప్పుకోలేదు. చివరికి 1858 ఫిబ్రవరి 19న సివిల్ అధికారులే ఉరి తీశారు. 2004 డిసెంబరు 10న వాషింగ్టన్ రాష్ట్రంలో న్యాయమూర్తులతో ఏర్పాటైన ఓ చారిత్రక విచారణ సభ అతను నిర్దోషి అని తేల్చింది. అయితే లెషై పోరాటం ఉత్తినే పోలేదు. 1856 ఆగస్టులోనే స్టీవెన్స్ దిగివచ్చి నిస్క్వాలీ, పుయాలప్ రిజర్వేషన్లని మార్చి పెంచటానికి ఒప్పుకున్నాడు. మూడు రోజుల్లో చేసిన పనిని దిద్దటానికి ఒక యుద్ధం పట్టింది.

తిరగబడ్డ పటాలం

1860 ఎన్నికల్లో స్టీవెన్స్ లింకన్‌కి వ్యతిరేకి. బానిసత్వాన్ని సమర్థించే వర్గం నిలబెట్టిన బ్రెకిన్‌రిడ్జ్‌కి ప్రచార సారథి. కానీ దక్షిణాది విడిపోతామన్నప్పుడు మాత్రం దేశం ముక్కలు కాకూడదన్న వైపే నిలబడ్డాడు. బానిసల విముక్తి అతని ఆశయం కాదు, అలా రాయటం అబద్ధమవుతుంది. దేశం ఒకటిగా ఉండాలి, అంతే.

పాత పార్టీ ముద్ర వల్ల అతనికి వెంటనే పెద్ద పదవి దక్కలేదు. 1861 జూలై చివర్లో న్యూయార్క్ 79వ పటాలానికి కల్నల్‌గా వేశారు. స్కాటిష్ కుటుంబాల వాళ్ళు ఎక్కువగా ఉన్న ఆ హైలాండర్లు అప్పుడే బుల్ రన్‌లో దెబ్బతిని, తమ కల్నల్‌ని పోగొట్టుకుని, ఇంటికి పంపమంటున్నారు. ఆగస్టు 14న కొత్త కల్నల్ మాట వినమని తిరగబడ్డారు. స్టీవెన్స్ తాగి ఊగుతున్న గుంపుల మధ్య తిరుగుతూ రోజంతా నచ్చజెప్పాడు. చివరికి ఫిరంగులతో చుట్టుముట్టాక కానీ లొంగలేదు. మెక్లెలన్ ఆజ్ఞ మీద వాళ్ళ జెండాలు లాగేసుకున్నారు. వచ్చే నెలలో ఓ పోరులో బాగా నిలబడ్డాక తిరిగి ఇచ్చారు. స్టీవెన్స్‌కి బ్రిగేడియర్ జనరల్‌గా ప్రమోషన్ వచ్చి వెళ్ళిపోతుంటే ఆ తిరగబడ్డవాళ్ళే తమని కూడా తీసుకెళ్ళమని పట్టుబట్టారు. తీసుకెళ్ళాడు. ఆ జెండా ఒకటి షాంటిలీ దాకా వచ్చింది.

దక్షిణ కరొలైనా తీరంలో కొన్ని నెలలు. 1862 జూన్ 16న సెసెషన్‌విల్ దగ్గర ఓ మట్టికోట మీద దాడి చెయ్యమన్నారు. వద్దన్నాడు, అయినా పైవాడి ఆజ్ఞ. ఏడువందలమంది దాకా నష్టపోయారు. ఇక్కడొక మార్పు కనిపిస్తుంది నాకు. ఒప్పందాల రోజుల్లో ఎవరి మాటా వినని మనిషి, తన సైనికుల ప్రాణాల దగ్గర ఆగి ఆలోచించటం నేర్చుకున్నాడు.

ఆక్స్ హిల్ మీద వాన

1862 ఆగస్టు చివర మనాసస్ దగ్గర జనరల్ పోప్ నడిపిన ఉత్తరాది సేనని లీ చిత్తుగా ఓడించాడు. పోప్ సేన సెంటర్‌విల్‌కి వెనక్కి వచ్చింది. వాళ్ళు వాషింగ్టన్ చేరకుండా దారి కొయ్యటానికి లీ స్టోన్‌వాల్ జాక్సన్‌ని పంపాడు. జాక్సన్ బురదలో చుట్టు తిరిగి లిటిల్ రివర్ టర్న్‌పైక్ ఎక్కి తూర్పుకి నడిచాడు. అది మనం రోజూ ట్రాఫిక్‌లో ఇరుక్కునే రూట్ 50యే. జాక్సన్ గానీ ఫెయిర్‌ఫాక్స్ ముందు జర్మన్‌టౌన్ కూడలి పట్టుకుంటే పోప్ తిరుగుదారి తెగిపోతుంది.

సెప్టెంబరు 1 మధ్యాహ్నం స్టీవెన్స్ తన డివిజన్‌తో ఆ వైపు వచ్చాడు. చేతిలో ఉన్నది రెండువేలమంది చిల్లర, అలిసిపోయినవాళ్ళు. ఆక్స్ హిల్ దగ్గర అడవి అంచున జాక్సన్ మనుషులు కనిపించారు. సాయం కోసం కబురు పంపి, అది వచ్చేదాకా ఆగకుండా, దాడికి దిగాడు. ఈ ఒక్క చోట అతని తొందర సరైన తొందర అని నా అభిప్రాయం. ఎదుటివాడు ఎంతమందో లెక్కపెడుతూ కూర్చుంటే కూడలి పోయేది. మెక్లెలన్ అయితే లెక్కపెట్టేవాడు.

గడ్డి మైదానం దాటి మొక్కజొన్న చేలో నడుస్తుండగా ఎదురుగా కంచె వెనకనుంచి తూటాల వర్షం. 79వ పటాలం జెండా పట్టినవాళ్ళు ఒకరి తర్వాత ఒకరు పడిపోయారు. కొడుకు హజార్డ్ అప్పుడు ఇరవై ఏళ్ళవాడు, తండ్రి దగ్గరే స్టాఫ్ కెప్టెన్. చేతికీ తుంటికీ గాయాలై పడ్డాడు. తండ్రి అక్కడ ఉన్నవాళ్ళకి కొడుకుని చూడమని అప్పజెప్పి ముందుకు సాగాడు. పడిపోయిన జెండాని తనే చేతిలోకి తీసుకున్నాడు. పొట్టి మనిషి, గాయపడ్డ పాదం, చేతిలో నీలం జెండా. అదే క్షణాల్లో ఆకాశం చిల్లుపడ్డట్టు ఉరుములతో వాన. పటాలం వెనకే ఉరికి కంచె దాకా చేరింది. తూటా కణతకి తగిలి స్టీవెన్స్ అక్కడికక్కడే పోయాడు. తర్వాత చూస్తే జెండా కర్ర ఇంకా చేతిలోనే ఉంది. వయసు 44.

సాయానికి వచ్చిన కార్నీ, చీకటి పడుతున్న వానలో దారి తప్పి శత్రువుల వరసలోకే గుర్రాన్ని నడిపించి, లొంగిపొమ్మంటే వినక తప్పించుకోబోయి చనిపోయాడు. మెక్సికో నాటి పరిచయాన్ని మరిచిపోని లీ అతని దేహాన్ని తెల్లజెండా కింద తిరిగి పంపించాడు. రెండు వైపులా కలిపి రెండువేలమంది దాకా నష్టం. యుద్ధం తేలలేదు. కానీ కూడలి జాక్సన్‌కి దక్కలేదు, పోప్ సేన వాషింగ్టన్ చేరింది. మర్నాడే లింకన్ ఆ సేనని మెక్లెలన్ చేతికిచ్చాడు. లీ మేరీలాండ్ వైపు తిరిగాడు. సెప్టెంబరు 17న అంటీటమ్ పోరు, 22న బానిసల విముక్తికి లింకన్ తొలి ప్రకటన. స్టీవెన్స్ పోరాడింది దానికోసం కాకపోయినా, అతను కాపాడిన సేన లేకపోతే అది అప్పుడు వచ్చేది కాదు.

తర్వాత

న్యూపోర్ట్‌లో ఖననం చేశారు. చనిపోయాక మేజర్ జనరల్ హోదా ఇచ్చారు. వాషింగ్టన్ డీసీ ఉత్తరాన ఓ కోటకి ఫోర్ట్ స్టీవెన్స్ అని పేరు మార్చారు. 1864 జూలైలో ఆ కోట మీదికి వచ్చిన దక్షిణాది సేనలో ఒక భాగానికి నాయకుడు బ్రెకిన్‌రిడ్జ్, నాలుగేళ్ళ క్రితం స్టీవెన్స్ అధ్యక్షుణ్ణి చెయ్యాలని ఊరూరా ప్రచారం చేసిన మనిషి. ఆ దాడి చూడటానికి గోడ ఎక్కి నిలబడ్డవాడు లింకన్. ఇంతకన్నా వింత కల్పనలో కూడా కుదరదు. (సియాటిల్ మిత్రులకి ఒక మాట: మీరు స్కీయింగ్‌కి వెళ్ళే స్టీవెన్స్ పాస్ ఇతని పేరు కాదు, జాన్ స్టీవెన్స్ అనే రైల్వే ఇంజనీరుది.)

హజార్డ్ బతికాడు. మెడల్ ఆఫ్ ఆనర్ పొందాడు. 1870 ఆగస్టులో వాన్ ట్రంప్ అనే మిత్రుడితో కలిసి రెయినియర్ పర్వతం శిఖరం ఎక్కి, చరిత్రలో నమోదైన తొలి ఆరోహణ చేశాడు. 1900లో తండ్రి జీవితచరిత్ర రాశాడు. అందులో తండ్రి తప్పులు వెతికితే దొరకవు, కొడుకు రాసింది కదా.

షాంటిలీలో రాళ్ళు 1915లో వెలిశాయి. స్థలం ఇచ్చింది దక్షిణాది పక్షాన పోరాడిన ఓ మాజీ సైనికుడు, అతని భార్య. 1980లలో ఈ చుట్టుపక్కల పొలాలన్నీ అపార్ట్‌మెంట్లు, ఆఫీసులు, షాపులు అయిపోయాయి. యుద్ధభూమిలో మిగిలింది ఈ అయిదెకరాలే. ఆ పోవటం చూసి కడుపు మండినవాళ్ళు 1987లో అంతర్యుద్ధ స్థలాల పరిరక్షణకి ఓ జాతీయ సంఘం పెట్టారు. ఇవాళ అమెరికన్ బ్యాటిల్‌ఫీల్డ్ ట్రస్ట్ అంటున్నది దాని వారసత్వమే. కౌంటీవాళ్ళు 2008లో పార్కుని బాగుచేసి బాటలు, బోర్డులు పెట్టారు.

ఇక ఆ చేపల వాక్యం. వందేళ్ళపాటు వాషింగ్టన్ రాష్ట్రం దాన్ని పట్టించుకోలేదు. 1960లలో నిస్క్వాలీ నది మీద వలలు వేసినందుకు ఆదివాసుల్ని అరెస్టులు చేశారు. బిల్లీ ఫ్రాంక్ జూనియర్ అనే నిస్క్వాలీ అయితే యాభైసార్లకి పైగా జైలుకి వెళ్ళాడు. 1974 ఫిబ్రవరి 12న ఫెడరల్ జడ్జి జార్జ్ బోల్ట్ తీర్పు చెప్పాడు: పౌరులతో పాటుగా అంటే పట్టదగిన చేపల్లో సగం తెగలవి. ఒప్పందం అర్థాన్ని అయిదువందల మాటల జార్గన్‌లో విన్న ఆ రోజు తెగలవాళ్ళకి ఎలా అర్థమై ఉంటుందో అలాగే తీసుకోవాలన్నది ఆ తీర్పుకి ఒక ఆధారం. స్టీవెన్స్ తొందరపాటు నూట ఇరవై ఏళ్ళ తర్వాత వాళ్ళకే కలిసొచ్చింది. 1979లో సుప్రీంకోర్టు దాన్ని ప్రధానంగా సమర్థించింది.

ఆ తర్వాత తెగలు ఇంకో మెట్టెక్కాయి. సగం చేపలు మావైతే, చేపలు పైకి ఈదటానికి దారి కూడా ఉండాలి కదా అన్నాయి. రాష్ట్రం వేసిన రోడ్ల కింద వందలాది కల్వర్టులు మరీ ఇరుగ్గా, మరీ ఎత్తులో ఉండి సాల్మన్ చేపల్ని అడ్డుకుంటున్నాయి. కల్వర్టు డిజైనులో వరద నీరు ఎంత వస్తుందో లెక్కగడతాం కానీ, చేప సంగతి నేను చదివిన ఏ క్లాసులోనూ రాలేదు. 2018 జూన్‌లో సుప్రీంకోర్టు 4-4గా చీలిపోవటంతో తెగల వైపు వచ్చిన కింది తీర్పే నిలిచింది. అప్పటినుంచి వందల కోట్ల డాలర్లు పోసి పాత తూములు తవ్వి, వాగు వెడల్పున వంతెనలు కడుతున్నారు. సియాటిల్ వైపు ఏ రాష్ట్ర రహదారి మీదైనా అలాంటి పని దగ్గర ట్రాఫిక్ ఆగితే, అక్కడి బోర్డు మీద చేపల దారి కోసమని రాసి ఉంటే, అది 1854 డిసెంబరు 26 నాటి కాగితం పని.